గృహభీతి సూత్రము: టీకా తాత్పర్య విశేష సహితము

అవతారిక

అక్టోబరు 31వ తేదీ రాత్రి దయ్యాల వేషాలు కట్టి, గుమ్మడికాయకు కళ్లూ పళ్లూ చెక్కి, దాని లోపల దీపం పెట్టి జరుపుకొనే హాలోవీన్ అనే పర్వం, ఐర్లండు, స్కాట్లండు దేశాల కెల్టు జాతులవారు చలికాలపు తొలి రాత్రిగా ఎంచిన సావిన్ నుండి పుట్టి, వలసపోయినవారి వెంట అమెరికా చేరి, అక్కడి తెలుగు ఇళ్లలో బొమ్మలకొలువు మెట్లు విప్పిన హాల్లోనే చోటు సంపాదించుకొని, ఇటీవల బెంగుళూరు అపార్ట్‌మెంట్లలోనూ కనిపిస్తున్నది. 2024లో దీపావళీ ఇదీ ఒకే తేదీన పడినందువల్ల, ఏ దీపం లక్ష్మికి, ఏ దీపం దయ్యానికి అన్న సందేహం కొన్ని గడపల్లోనైనా కలిగి ఉండాలి. బెంగుళూరుకు వచ్చినది అనంతపురం సీమకు రావడానికి ఒక పూట బస్సు ప్రయాణం చాలు. కాబట్టి పుట్టపర్తికీ కదిరికీ చేరువలో, 2022 ఏప్రిల్ 4 వరకు అనంతపురం జిల్లాలోనూ ఆనాటి నుండి శ్రీ సత్యసాయి జిల్లాలోనూ ఉన్న నల్లమాడలో, ఏడాదికి సుమారు 550 మిల్లీమీటర్ల వానతో వేరుశనగను నమ్ముకొన్న ఇళ్లలో, ఈ అలంకారాన్ని ఖర్చు లేకుండా చేయడమెట్లో శాస్త్రముఖంగా నిర్ణయించడం అవసరమైనది. టీక రాయడానికి మూలం ఉండాలి కనుక, అట్టి మూలం ఎక్కడా దొరకనందున, అది కూడా ఈ వ్యాఖ్య కోసమే కూర్చబడింది.

మూలము

మసికుండయు, సున్నపుచుక్కయు, చింకిచీరయు, గూటిదీపమును గృహభీతికి చాలును, కొనరాదు.

ప్రతిపదార్థము

మసికుండయు = కట్టెల పొయ్యి మీద నల్లబడి, అంచు విరిగి, వంటకు పనికిరాని కుండయు; సున్నపుచుక్కయు = దానికి కన్నులుగా పెట్టెడి సున్నమును; చింకిచీరయు = కట్టుటకు గాని, ఇచ్చుటకు గాని, బొంత కుట్టుటకు గాని కొరగాని చీరయు; గూటిదీపమును = గోడలోని గూటియందు వెలిగించిన దీపమును; గృహభీతికి = ఇంటిలోనివారు తెలిసి తెలిసి కల్పించుకొనెడి భయమునకు; చాలును = సరిపోవును; కొనరాదు = అంగడినుండి తేరాదు.

తాత్పర్యము

ఇంటిలో పారవేయదగినవి నాలుగు వస్తువులుంటే దయ్యానికి అవి చాలునని భావము. దీపం పారవేయదగినది కాదు గదా అని ఆక్షేపిస్తే, మూలకర్త లెక్కల్లో దుర్బలుడని గ్రహించవలెను.

టీక

మసికుండ అన్న పదాన్ని మొదట చెప్పడం యాదృచ్ఛికం కాదు. మెట్టచేలలో రెండు కట్టెలను అడ్డంగా నిలువుగా కట్టి, వాటికి చినిగిన చొక్కా తొడిగి, తలగా కుండను బోర్లించి నిలబెట్టే దిష్టిబొమ్మకు ఇదే ముఖం. పక్షులను బెదరించడం దాని మొదటి పని కాగా, దారినపోయే వారి చూపు పైరు మీద పడకముందే తన మీద పడేటట్లు చేసుకోవడం రెండవ పని, పెద్దలు దీనినే ముఖ్యమైన పనిగా ఎంచుతారు. పూర్వపక్షం, అనగా ఎదుటివారి ఆక్షేపణ: గ్యాసు పొయ్యి వచ్చిన తరువాత మసి ఎక్కడిది? సిద్ధాంతం, అనగా తేల్చిన మాట: స్నానాలకు నీళ్లు కాచే కాగు నేటికీ అనేక ఇళ్ల పెరళ్లలో కట్టెల మీదనే ఉన్నది, దాని అడుగున గీకిన మసిని చుక్క ఆముదంతో నూరితే బజారులోని ఏ నల్లరంగుకూ తీసిపోదు.

కుండకు బదులు గుమ్మడికాయను ఏల చెప్పలేదన్నది కొంత లోతైన ప్రశ్న. ఐర్లండులో ముఖాలు చెక్కినది మొదట టర్నిప్ దుంపలకు. అమెరికా చేరినవారికి అక్కడి నేలలో పుట్టి పెరిగిన, పెద్దదీ మెత్తనిదీ అయిన నారింజరంగు గుమ్మడి దొరకడంతో దుంప వెనుకబడింది. ఆ గుమ్మడికి దగ్గరి చుట్టం మన దేశానికి కూడా అమెరికా ఖండాల నుండే వచ్చి, తియ్యగుమ్మడిగా కూరలో స్థిరపడింది. గడపకు వేలాడదీసేదీ, ఆయుధపూజనాడు కుంకుమ నింపి పగులగొట్టేదీ బూడిదగుమ్మడి, ఇది ఆసియాలోనే పుట్టినది. కనుక తియ్యగుమ్మడిని చెక్కితే కూర పోతుంది, బూడిదగుమ్మడిని చెక్కితే ఇంట్లోని అవ్వ ఊరుకోదు. కుండకైతే ఈ రెండు దోషాలూ లేవు, పైగా తొలిచే శ్రమ లేకుండా అది ముందే బోలుగా ఉన్నది.

సున్నపుచుక్కను గూర్చి తెలియవలసినది ఒక్కటే గాని, అది తెలియక చెడినవారు పెక్కుమంది. తడిసున్నం పూసినప్పుడు పలుచగా కనిపించి, ఆరుతూ గాలిలోని బొగ్గుపులుసు గాలిని పీల్చుకొన్న తరువాతనే తెల్లబడుతుంది. ఇది ఎరుగక అంటలేదనుకొని మూడుమార్లు పూసినవారి దయ్యానికి తెల్లవారేసరికి కన్నుల చోట పెచ్చులు మిగులుతాయి. ఈ సున్నమే పసుపునీళ్లలో కలిస్తే, పసుపులోని రంగు పదార్థం క్షారగుణానికి ఎర్రబారి, అంగళ్లలో సీసాలకెత్తి అమ్మే నెత్తురును తలదన్నే ఎర్రనీళ్లు తయారవుతాయి. అయితే బాలింతకు, కొత్త దంపతులకు దిష్టి తీసి గుమ్మం బయట పారబోసే నీళ్లు ఇవే కాబట్టి, వీటిని ఇంటి లోపల నేల మీద చిలికితే పెద్దలు క్షమించరు. గాజుసీసాలో పోసి గూటిలో పెట్టడం ఉభయులకూ సమ్మతం. సున్నం కంటిలో పడితే హాని గనుక దానిని కలిపే పని పిల్లలకు అప్పగించరాదు.

ఇక చింకిచీర. మూలకర్త ప్రతిభ అంతా ఈ పదంలోనే ఉన్నది. పాశ్చాత్యుల దయ్యం తెల్ల దుప్పటి కప్పుకొంటుంది, తెలుగు సినిమా దయ్యం తెల్లచీర కట్టి, జుట్టు విరబోసుకొని, కాళ్ల గజ్జెలు వినిపిస్తూ వస్తుంది. రెంటికీ తెలుపే ప్రాణం కాగా, ముత్తైదువలున్న ఇంటిలో తెల్లచీర దొరకడం అరుదు కాబట్టి, వ్యాఖ్యాతలు ఇక్కడ తాత పాత పంచెను కూడా చీరగానే గ్రహించాలని అంటారు. అడుగున గుడ్డను అడ్డదిడ్డంగా చించి, పైభాగాన్ని గవాక్షి కింద ఒక దారంతో వేలాడదీస్తే, మిద్దె కప్పుకు వెలుతురు కోసం వదిలిన ఆ రంధ్రం నుండి దిగే గాలికి అది తనంత తానే కదులుతుంది. ఆ చింపులలో ఊడివచ్చిన నూలుపోగులను మూలలకు సాగదీసి కడితే సాలెగూడు. అసలు సాలెగూడే ఉండగా పోగులెందుకని అడగవచ్చును. ఇంటిలో తనను తాను చేసుకొనే అలంకారం బూజు ఒక్కటే అన్నది నిజమే గాని, దసరాకు ముందే బూజు దులపడం ఈ సీమ ఆచారం కావడం వల్ల, హాలోవీన్ నాటికి శుభ్రమైన ఇంటిలో అది మిగలదు. మిగిలిన ఇంటివారు ఆ సంగతిని అలంకారమని చెప్పుకోవడానికి ఈ శాస్త్రం అడ్డురాదు.

ఈ పదానికి ఒక నిషేధం కూడా చెప్పుకోవాలి. పొరుగున ఉన్న ధర్మవరం పట్టుచీర ఎంత చినిగినదైనా చింకిచీర అన్న మాటకు అర్థం కాజాలదు, ఏలయనగా జరీ ఉన్న పాత పట్టుచీరలను కొనుక్కొనేవారు వీధుల వెంట తిరుగుతూనే ఉంటారు, రొక్కం పలికే వస్తువు ఈ సూత్రపరిధిలోకి రాదు.

గూటిదీపం నీడ కోసం చెప్పబడినది. పెళ్లిపత్రిక అట్టను గబ్బిలంగానో గోళ్ల చేయిగానో కత్తిరించి దీపానికి ఎదురుగా నిలిపితే, బొమ్మ దీపానికి ఒక అడుగు దూరంలోనూ గోడ అయిదడుగుల దూరంలోనూ ఉన్నప్పుడు, నీడ బొమ్మకు అయిదింతలవుతుంది. ట్యూబులైటు పొడవైనది కావడం వల్ల నీడ అంచులు చెదిరిపోతాయి, ఒత్తి చిన్నది గనుక అంచు తేరి, మంట కదిలినప్పుడల్లా గబ్బిలం రెక్క ఆడించినట్లు ఉంటుంది. ఈ విద్యలో గురుపీఠం దూరాన లేదు. ధర్మవరం మండలం నిమ్మలకుంటలో మేకతోలును వెలుతురు దూరేటంత పలుచన చేసి, రంగులద్ది, రావణుని నీడను కూడా రంగులలో చూపిన తోలుబొమ్మల కళాకారులు తరతరాలుగా ఉన్నారు. వారిలో దళవాయి చలపతిరావుకు 2020లో పద్మశ్రీ లభించింది. ఆటలు తగ్గిన ఈ కాలంలో అక్కడివారు అదే తోలుతో దీపాలకు తొడుగులు చేసి అమ్ముతున్నారు. అవి ఖరీదైనవి కనుక కొనరాదన్న పదం వాటికీ వర్తిస్తుందా అన్నచోట వ్యాఖ్యాత మౌనం వహించడం మర్యాద.

విశేషము

గృహభీతి అన్నప్పుడు లోపలి భయం అని నొక్కి చెప్పడానికి కారణమున్నది. ఈ ప్రాంతపు భయసామగ్రి అంతా గడప దగ్గరే ఆగి బయటికి చూస్తుంది. నిమ్మకాయా మిరపకాయలూ గుచ్చిన దారం, నల్లగుడ్డలో కట్టిన పటిక, కట్టుబడిలో ఉన్న ఇంటి ముందరి రాక్షసముఖం, తలకిందులుగా వేలాడే కలబంద అన్నీ అట్టివే. కలబంద రాత్రిపూట మాత్రమే ఆకురంధ్రాలు తెరిచి, నీటిని ఆకులోనే దాచుకొనే మొక్క కావడం వల్ల, మన్నూ నీళ్లూ లేకుండా నెలల తరబడి బతికి, కరవుసీమ ద్వారానికి తగినదనిపించుకొన్నది. రాత్రిపూట ఒక స్త్రీదయ్యం వచ్చి తలుపు తడుతుందన్న 1990ల నాటి వదంతితో తలుపుల మీద వెలసిన ‘ఓ స్త్రీ రేపు రా’ అన్న రాత సుద్దముక్కతో పూర్తయ్యే అలంకారం. కన్నడసీమలో అదే ‘నాళె బా’ అయింది, 2018లో హిందీ సినిమా ‘స్త్రీ’ వరకు పోయింది. ఇవన్నీ రావద్దని చెప్పేవి. హాలోవీన్ అలంకారం రమ్మని పిలిచేది. కనుక ఒకదానిని తెచ్చి రెండవదాని చోట పెట్టడం ముఖం తిప్పడమే, వస్తువులు మాత్రం అవే.

కొనరాదు అన్నది పొదుపు కోసం చెప్పిన మాట కాదు, తర్కం కోసం చెప్పినది. దిష్టిబొమ్మకు బలం దాని వికారంలో, దాని నిరుపయోగంలో ఉన్నది, విరిగిన కుండను చూసి ఎవరూ అసూయపడరు. ఆన్‌లైనులో తెప్పించిన, కళ్లలో బల్బులు వెలిగే రాక్షసముఖమైతే చూసినవారు ఎంతకు కొన్నారని అడుగుతారు, అడిగినందువల్ల దానికే దిష్టి తగులుతుంది, దానిని కాపాడడానికి మరొక దిష్టిబొమ్మ కావలసివస్తుంది, అదీ కొన్నదైతే దానికి వేరొకటి. ఇట్లు అంతులేకుండా సాగిపోయే దోషాన్ని తార్కికులు అనవస్థ అంటారు. నూనె, ఒత్తి మాత్రం కొనవచ్చును.

ప్రయోగవేళ చింకిచీర కొసకూ దీపానికీ నడుమ కనీసం రెండు బారల ఎడం ఉంచాలి, గవాక్షి గాలి ఎటు వీస్తుందో ముందుగా చూసుకోవాలి. నవంబరు 1న ఎర్రనీళ్లను గుమ్మం బయట పారబోసి, కుండను మాత్రం చేనికి పంపవలెను. శెనక్కాయ పీకడం అయినా, కంది జనవరి దాకా చేనులోనే ఉంటుంది.