పడమటి తోటలో పదవుల కొట్టు

ప్రభుత్వంలో పారదర్శకత లేదని వాపోయేవాళ్లు క్రీ.శ. 178 నాటి చైనా రాజధాని లుయోయాంగ్‌ను చూసి ఉంటే కాస్త ఊరట పొందేవారు. హాన్ వంశపు చక్రవర్తి లింగ్ ఆ ఏడాది అక్కడి తన పడమటి తోటలో పదవుల అమ్మకం తెరిచాడు. వచ్చిన సొమ్ము దాచుకోవడానికి అక్కడే ఖజానా కూడా కట్టించాడు. ఉద్యోగం కావాలంటే ఎవరికెంత ముట్టజెప్పాలో తెలియక పదిమంది గుమ్మాలు ఎక్కి దిగే అవస్థ అంతటితో తప్పింది.

అంతకుముందు మూడు శతాబ్దాలుగా నడిచిన పద్ధతి వేరు. క్రీ.పూ. 134లో అదే వంశపు చక్రవర్తి వూ పెట్టిన నియమం ప్రకారం ప్రతి జిల్లా నుంచీ ఏటా తల్లిదండ్రుల మీద భక్తి, నడవడిలో నిజాయితీ ఉన్నవాళ్లను ఏరి కొలువుకు పంపాలి. ఆశయం గొప్పదే. కానీ భక్తిని తూచే త్రాసు ఎవరి దగ్గరా లేదు. ఎంపిక చేసే పెద్దలకు అది తమవాళ్ల పిల్లల్లోనే ఎక్కువగా కనిపించేది. నాణేలతో ఆ పేచీ లేదు. చతురస్రపు చిల్లులోంచి తాడు దూర్చి గుచ్చితే ఎవరైనా లెక్కపెట్టుకోవచ్చు.

హాన్ కొలువులో ఉద్యోగి హోదాను షి అనే ధాన్యపు కొలతతో కొలిచేవారు. జిల్లా పాలకుడిది రెండు వేల షిల హోదా, చిన్న అధికారిది నాలుగు వందలు. లింగ్ ఈ లెక్కను చెడగొట్టలేదు, షికి పదివేల నాణేల చొప్పున హెచ్చవేశాడంతే. రెండు వేల షిల పదవి రెండు కోట్ల నాణేలు, నాలుగు వందల షిలది నలభై లక్షలు. మంత్రి పదవుల బేరం మాత్రం మర్యాదగా ఆంతరంగికుల చేత నడిపించాడు. రాజ్యంలోకెల్లా పెద్దవైన మూడు పదవులు ఒక్కోటి కోటి, వాటి కిందివి యాభై లక్షలు.

సర్వోన్నత మంత్రి కోటికే దొరుకుతుంటే జిల్లా పాలకుడు రెండు కోట్లేమిటని అమాయకులు అడుగుతారు. కొన్నవాళ్లెవరూ అడగలేదు. మంత్రి రాజధానిలో కూర్చుని వంగి దండాలు పెట్టాలి. పన్నులు, వెట్టి, తగవులు, జైలు అన్నీ జిల్లా పాలకుడి చేతిలో ఉంటాయి. అధికారం ఎక్కడుంటుందో చెప్పడానికి రాజనీతి గ్రంథాలకు సంపుటాలు కావాలి. పడమటి తోట ధరల పట్టిక నాలుగు అంకెల్లో తేల్చేసింది.

మన కిరాణా కొట్టు గోడ మీద ‘అరువు రేపు’ అని రాసి ఉంటుంది. చక్రవర్తి అంత కఠినుడు కాదు. ఉన్నవాడు ముందే కట్టాలి, లేనివాడు పదవిలో చేరాక రెట్టింపు కట్టుకోవచ్చు. ఆ రెట్టింపు జీతంలోంచి రాదని అమ్మేవాడికీ తెలుసు, కొనేవాడికీ తెలుసు. జిల్లాలో నాగలి పట్టినవాడే ఈ అప్పుకు హామీదారు. అతని సంతకం మాత్రం ఎవరూ అడగలేదు.

సద్గుణాన్నీ మరచిపోలేదండోయ్! యోగ్యత మీద ఎంపిక కావలసినవాడు సగమో మూడోవంతో కడితే చాలు.

లింగ్‌కు వ్యాపారం అంటే పసితనపు మోజు. 181లో అంతఃపురంలోనే అంగళ్లు పెట్టించి, కొలువుకత్తెల చేత సరుకులు అమ్మించి, తాను వర్తకుడి వేషం కట్టి విందు చేసుకున్నాడు. అమ్మకందార్లు ఒకరి సరుకు ఒకరు దొంగిలించి జుట్లు పట్టుకున్నారట. పాలనకు దీనికన్నా నిక్కమైన నమూనా ఇంకెక్కడ దొరుకుతుంది? నాలుగు తెల్లగాడిదలు కట్టిన బండిని ఆయన స్వయంగా తోలితే, పెద్దమనుషులంతా అనుకరించి గాడిద ధరను గుర్రం ధరకు చేర్చారు. ఒక కుక్కకు పండితాధికారి టోపీ పెట్టి, పదవీ చిహ్నమైన పట్టు నాడా కట్టించాడు కూడా. ఆ కాలంలో పైసా కట్టకుండా హోదా సంపాదించింది ఆ కుక్కే కాబోలు.

185లో త్సుయ్ లియె అనే పేరున్న పండితుడు చక్రవర్తి దాది ద్వారా యాభై లక్షలు కట్టి, కోటి ఖరీదు చేసే మహామంత్రి పదవి పొందాడు. ప్రమాణ సభలోనే చక్రవర్తి పక్కవాళ్ల వైపు తిరిగి, ఇంకాస్త బిగబట్టి ఉంటే కోటి వచ్చేదని నొచ్చుకున్నాడు. కొన్నాళ్లకు లియె తన కొడుకును, నా గురించి జనం ఏమనుకుంటున్నారని అడిగాడు. రాగి కంపు కొడుతున్నావంటున్నారని కొడుకు చెప్పాడు. తండ్రి కర్ర ఎత్తాడు. సైనికాధికారి దుస్తుల్లో ఉన్న కొడుకు పరుగు లంకించుకున్నాడు. తండ్రి కొడుతుంటే పారిపోవడం పితృభక్తేనా అని పెద్దాయన అరిచాడు. పురాణాల రాజు షున్ కూడా తండ్రి చిన్న కర్రకు నిలబడి పెద్ద కర్రకు పారిపోయాడని జవాబొచ్చింది. పండితుల ఇల్లు మరి, తన్నులకూ ప్రమాణగ్రంథం ఉంటుంది.

లియె పదవి కొనడానికి ముందు ఏడాదే, ఆ అప్పుల హామీదారులైన రైతులు తలలకు పసుపు గుడ్డలు చుట్టుకుని దేశమంతా తిరగబడ్డారు. తిరుగుబాటు అణిగాక 185లో రాజధాని దక్షిణ సౌధం తగలబడింది. మళ్లీ కట్టడానికి మూ అనే ఒక్కో కొలత భూమికి పది నాణేల అదనపు పన్ను వేశారు. జిల్లాలు పంపిన కలపను అంతఃపుర నపుంసక అధికారులు నాసిరకమని తోసిపుచ్చి, పదోవంతు ధరకు బలవంతంగా కొని, తిరిగి అమ్మి, మళ్లీ తోసిపుచ్చారు. దుంగలు కుళ్లాయి, మేడ మాత్రం లేవలేదు.

కొత్తగా నియమితుడైన ప్రతివాడూ ఉద్యోగానికి వెళ్లే ముందు పడమటి తోటలో మేడ మరమ్మతు చందా బేరం తెంచుకోవాలి. సిమా జీ అనే ఆయనను జూలూ జిల్లాకు వేశారు. నిజాయితీపరుడని పేరుంది కాబట్టి ముప్పై లక్షలు తగ్గించారు. జనానికి తల్లీతండ్రీ కావలసినవాడిని వాళ్లనే ఒలుచుకు తినలేనని, ఒంట్లో బాగాలేదని సెలవు కోరాడు. ఇవ్వలేదు. బయలుదేరి మెంగ్ రేవు దాకా వెళ్లి, పాలనలోని తప్పులన్నీ విజ్ఞాపనగా రాసి, విషం తాగాడు. అది చదివి చక్రవర్తి ఆ వసూలు ఆపించాడు. కొన్నాళ్లే.

కొట్టుకు వచ్చిన పెద్ద ఖాతాదారు త్సావో సోంగ్. 187లో సేనామంత్రి పదవికి పది కోట్లదాకా కుమ్మరించాడు. ఏడాది తిరగకముందే అది ఊడింది. ఆయన వాపసు అడిగిన దాఖలా లేదు. 189లో లింగ్ పోయాడు. మరుసటి ఏడాది సేనాని దోంగ్ జువో లుయోయాంగ్‌ను కాల్చి బూడిద చేశాడు. సోంగ్ కొడుకు త్సావో త్సావో, లింగ్ వారసుడైన చక్రవర్తిని తన గుప్పిట పెట్టుకున్నాడు. మనవడు త్సావో పి 220లో ఏకంగా సింహాసనమే తీసుకున్నాడు, పడమటి తోటకు ఒక్క నాణెం కట్టకుండా.