గొడుగు వెంట వేయి సంవత్సరములు

వేయి సంవత్సరముల చరిత్రను రెండున్నర గంటలలో, అదియును ఉచితముగా, నడుమ కాఫీకిని కాలకృత్యమునకును విరామమిచ్చి మఱీ బోధింపగల శాస్త్రమొకటి లోకమున నుదయింపగలదని ఊహింపజాలక, మన పూర్వులు నాలందాది విద్యాపీఠములయందు ఏండ్లకేండ్లు గురుశుశ్రూష చేసి, దీపపు వెలుతురున కన్నులు పోగొట్టుకొని, తుదకు తమకేమియు తెలియదని వినయముతో చెప్పుకొని చనిపోయిరి. ఐరోపా ఖండమున పురాతన నగరమని పేరుపడిన ప్రతి యూరను నేడు ఆ శాస్త్రము ఉదయము పదిగంటలకును మధ్యాహ్నము రెండు గంటలకును నిత్యము ప్రవచింపబడుచున్నది. ఆచార్యుని గుర్తుపట్టుటకు చిహ్నము గొడుగు. వాన యుండదు, ఎండ యుండదు. ఐనను గొడుగు విప్పియే యుండును. ఏలయన అది ఒక్క తలను కాచుటకుగాక ముప్పది తలలను ఈడ్చుటకు ఏర్పడినది.

ఈ విద్యకు కాశీక్షేత్రమనదగినది చెక్ దేశపు రాజధాని ప్రాగు. అచ్చటి పాతపట్టణపు కూడలిలో ఉదయమున నిలుచున్నవానికి ఎఱ్ఱ గొడుగు, పసుపు గొడుగు, నీలి గొడుగు ఒకదానినొకటి ఒరసికొనుచు కనబడును. ఒకదాని క్రింద ఆంగ్లమునను, వేఱొకదాని క్రింద స్పానిషునను, ఇంకొకదాని క్రింద ఇటాలియనునను ఒకే కథ, ఒకే చోట, ఒకే చమత్కారముతో, శ్రోతలు నవ్వుటకు వదలవలసిన ఒకే విరామముతో సాగుచుండును. జర్మనీలో ఎం.ఎస్. చదువుచున్న మన పిల్లలు వారాంతమున బస్సెక్కి వచ్చి ముందు వరుసలో నిలుతురు. వారిని చూడవచ్చిన తలిదండ్రులు, క్రొత్త బూట్లు కఱచుచున్నను పైకి చెప్పక, వెనుక వరుసలో నడతురు.

మొదటి పాఠము గడియారము. పాతపట్టణపు పురమందిరము గోడనున్న ఆ ఖగోళ యంత్రము 1410 నాటిది. దానిని నిర్మించిన హనుషు అను నిపుణుడు మఱియొక నగరమునకు అటువంటిది చేసియీయకుండుటకై పురపాలకులు రాత్రివేళ మనుష్యులను పంపి ఆతని కన్నులు పొడిపించిరనియు, ఆ గ్రుడ్డివాడు తడవుకొనుచు మెట్లెక్కివచ్చి తన చేతులతోడనే యంత్రమును చెఱిచి పగ తీర్చుకొనెననియు గొడుగుస్వామి గద్గద స్వరమున చెప్పును. ముప్పది తలలును అయ్యో యనును. కథ బాగుగనే యున్నది, చిక్కు ఒక్కటే. ఆ గడియారమును చేసినవాడు హనుషు కాడు. కదాన్ అను నూరివాడైన మికులాషు దానిని చేసెనని 1410 నాటి పత్రమే చెప్పుచున్నది. గణితము కూర్చినవాడు విశ్వవిద్యాలయ పండితుడైన యాన్ షిండెల్ అని విద్వాంసుల అభిప్రాయము. 1570 లో ఆ యంత్రమును గూర్చి నివేదిక వ్రాసిన యాన్ తాబోర్‌స్కీ పొరపాటున హనుషునకు ఆ కీర్తి కట్టబెట్టెను. 1894 లో ఆలొయిస్ యిరాసెక్ తన ప్రాచీన గాథల సంపుటమున కన్నులు పొడిచిన వృత్తాంతమును కన్నులకు కట్టునట్లు వ్రాసెను. అసలు పత్రము వెలికివచ్చి అర్ధశతాబ్దము దాటినను, ఏమి ఫలము? హనుషు దినదినమును గొడుగునకొకసారి చొప్పున కన్నులు పోగొట్టుకొనుచునే యున్నాడు. మాస్కోలో సెయింట్ బాసిల్ దేవాలయపు శిల్పికిని ఇదే గతి పట్టినదందురు. ఆగ్రాలో తాజమహలు పనివాండ్ర చేతులు షాజహాను నఱికించెనని మన బడిపిల్లలు సైతము చెప్పుదురు. సాక్ష్యము దేనికిని లేదు. భూమిమీద అందమైన కట్టడమెచ్చట నున్నను దాని ప్రక్కనే కన్నులు పోయినవాడో చేతులు తెగినవాడో ఒకడు సిద్ధముగా నుండవలెనని యాత్రికులు శాసించిరి కాబోలు!

గంట కొట్టు వేళకు ఫోనులన్నియు పైకి లేచును. అస్థిపంజరము త్రాడు లాగి గంట మ్రోగించును, చిన్న కిటికీలలో అపొస్తలులు వరుసగా మొగము చూపి పోవుదురు, తుదకు కోడి కూయును. చూచుచుండగనే అంతయు ముగియును. 1945 మే నెలలో జర్మను సేనలు పురమందిరమునకు నిప్పుపెట్టగా పాత బొమ్మలు కాలిపోయినవనియు, ఇప్పుడు తాము చూచినవి ఆ పిమ్మట చెక్కినవనియు ఎవరికిని తోచదు. తోచకపోయిన పోనిండు, ఆ కిటికీల దిగువనున్న చక్రమును చూచినవా డొక్కడైన నుండవలదా? సూర్యుడు నేడు ఏ రాశియందున్నాడో, చంద్రుడెంత వెలుగుతో నున్నాడో, నక్షత్రకాలమెంతయో, సూర్యాస్తమయము మొదలుకొని లెక్కించు పాత బొహీమియా గంటలలో ఇప్పుడెంతయో, పగటిని ఋతువు ననుసరించి సాగదీసియు కుదించియు పండ్రెండు భాగములు చేయు విషమ గంటలలో ఎంతయో, ఇన్నియు నొక్క పలకమీద, ఆగుచు సాగుచు ఆఱు శతాబ్దములుగా అది చూపుచున్నది. సూర్యోదయాది ఘడియలు లెక్కించుట యెఱిగిన మన పల్లెటూరి పంచాంగకర్తను అచ్చట నిలువబెట్టినచో, సాయన నిరయన భేదమును గూర్చి రెండు మాటలు గొణిగినను, గంటసేపటిలో ఆ యంత్రముతో చుట్టఱికము కలుపుకొనగలడు. గొడుగు క్రింది యింజనీర్లకు మాత్రము వ్యవధి లేదు. కోడి కూసినది గదా, ఇక కదలవలెను.

కూడలికి ఎదుటనే టీన్ దేవాలయము, అందు టైకో బ్రాహీ సమాధి. ఆ మహానుభావుని గూర్చి గొడుగు చెప్పునది రెండే మాటలు: ద్వంద్వయుద్ధమున ముక్కు తెగగా వెండి ముక్కు తగిలించుకొనెననియు, విందులో మర్యాదకై లేవక మూత్రము బిగబట్టి 1601 లో మరణించెననియు. 2010 లో సమాధి త్రవ్వి పరీక్షించినవారు ఆ ముక్కు వెండిది కాదు, ఇత్తడిదని తేల్చిరి; పాదరసముతో ఆతనిని చంపిరను పుకారును నిలువలేదు. మంచిది. ఆ ముక్కునకు రెండు ప్రక్కల నున్న కన్నుల మాట యేమి? దూరదర్శిని పుట్టకమునుపే అవి ఏండ్ల తరబడి రాత్రులందు అంగారకుని గమనమును కొలిచినవి. ఆ లెక్కలతో ఈ నగరముననే కుస్తీపట్టి కెప్లరు, గ్రహములు వృత్తమునగాక దీర్ఘవృత్తమున తిరుగుచున్నవని నిశ్చయించి, 1609 లో గ్రంథము ప్రకటించెను. రెండువేల యేండ్లు పండితప్రపంచము నమ్మిన వృత్తము ఈ యూర విఱిగినది. మూత్రాశయము విఱిగిన కథకు అయిదు నిమిషములు, వృత్తము విఱిగిన కథకు సున్న. కెప్లరు కాపురమున్న యిల్లు గొడుగు నిత్యము నడచు కార్లొవా వీధిలోనే యున్నది. ఆ వీధిలో గొడుగు ఆగుటయు నిజమే. కాని ఆగునది ట్రడెల్నిక్ అంగడి యొద్ద.

కఱ్ఱకు చుట్టి, నిప్పులమీద కాల్చి, చక్కెర అద్దిన ఆ రొట్టె 'పాత బొహీమియా వంటకము' అని పలకలు ఘోషించును. దాని వంశవృక్షము ట్రాన్సిల్వేనియా హంగరీల వైపునకును, స్లొవేకియాలోని స్కలిత్స పట్టణమునకును పోవును. ప్రాగు వీధులకు అది రాజుల వెంట రాలేదు, పర్యాటకుల వెంట వచ్చినది. నేడు దాని బోలులో ఐస్‌క్రీము నింపి అమ్ముచున్నారు. ఈ యాత్రకు అంతకంటె తగిన ప్రసాదము దొరకదు: పైన చక్కెర, నడుమ శూన్యము, చేతికి జిగట.

కూడలిలో నేలమీద ఇరువదియేడు శిలువలు పొదిగియున్నవి. 1621 జూన్ 21 నాడు అచ్చట ముగ్గురు ప్రభువులకును, ఏడుగురు యోధకులీనులకును, పదునేడుగురు పురజనులకును మరణశిక్ష అమలుచేసిరి. వారిలో శవపరీక్షను బహిరంగముగా చేసి చూపిన వైద్యుడును విశ్వవిద్యాలయాధ్యక్షుడును అగు యాన్ యెసెనియుస్ ఒకడు, ఆతనికి ముందుగా నాలుక కోసి పిమ్మట తల నఱికిరి. గొడుగు ఇచ్చట తలారి కత్తిని కొనియాడును; ఎన్ని కత్తులు మొద్దువాఱినవో లెక్క చెప్పును. తలలు ఎందులకు పోయినవో చెప్పుటకు, 1618 లో కోట కిటికీనుండి చక్రవర్తి ప్రతినిధులను క్రిందికి విసరిన దినమును, 1620 నవంబరు 8 నాటి తెల్లకొండ యుద్ధమును, ఆపైన ఐరోపాను ముప్పది యేండ్లు దహించిన సమరమును చెప్పవలసివచ్చును. వానిలో గొడుగునకు నచ్చినది ఒక్కటి: పడినవారు పెంటకుప్పమీద పడి బ్రదికిరనుట. ముప్పది యేండ్ల సంగ్రామమున నిలిచినది పెంటకుప్ప!

ఇక నదిమీది పాత వంతెన సంగతి. 1357 జూలై 9 నాడు ఉదయము 5 గంటల 31 నిమిషములకు నాలుగవ చార్లెసు చక్రవర్తి దానికి శంకుస్థాపన చేసెనట. ఆ యంకెలు 1-3-5-7-9-7-5-3-1 అని ఎటునుండి చదివినను ఒకటే యట. ఇది ఇరువదవ శతాబ్దపు పండితుని ఊహ. ముహూర్తమనగానే మనవారికి ప్రాణము లేచివచ్చును గావున దీనిని గూర్చి ఎదురుచెప్పిన పాపము నాకేల? అచ్చటనే యొక విగ్రహపు పీఠమున కంచు ఫలకము బంగారమువలె మెఱయుచున్నది; తాకినచో కోరిక తీరునట. 1393 లో నదిలో త్రోయబడిన నేపొముకు యాను రాణి చెప్పుకొన్న పాపములను రాజునకు తెలుపనందున చచ్చెనని గొడుగు. ఒక మఠాధిపతి నియామకమున రాజునకును ఆర్చిబిషప్పునకును పుట్టిన తగవున నలిగి చచ్చెనని చరిత్ర. మఠాధిపతి నియామకమును తాకి కోరిక కోరుకొనువాడెవడు?

ఇంతవఱకు నవ్వవచ్చును. యూదుల పేటయగు యోసెఫోవులో అడుగిడినపిమ్మట నాకు నవ్వు రాదు. పదుమూడవ శతాబ్దపు పాత-క్రొత్త సినగాగు ఎదుట గొడుగు నిలిచి, అటకమీద రబ్బీ లోవ్ చేసిన మట్టిమనిషి గోలెం నేటికిని నిద్రించుచున్నాడని గుసగుసలాడును. 1609 లో చనిపోయిన ఆ పండితునకు ఈ బొమ్మను అంటగట్టినది పందొమ్మిదవ శతాబ్దపు వ్రాతలు. ఎగాన్ ఎర్విన్ కిష్ అను పత్రికారచయిత అటక యెక్కి చూచివచ్చి గోలెం లేడనియు వ్రాసెను. 'మధ్యయుగపు సందులు' అని గొడుగు చూపు ఆ పేటలో ఇండ్లనేకము 1893 నాటి శాసనముతో పాతవానిని పడగొట్టి కట్టినవి. ఇవి చిన్న సంగతులు. నాలుగడుగుల దూరమున పింకాస్ సినగాగు గోడలమీద నాజీల చేతిలో నశించిన బొహీమియా, మొరేవియా యూదుల పేర్లు దాదాపు 78 వేలు చేతితో వ్రాసియున్నవి. 1950ల చివర వ్రాసిన ఆ పేర్లు, 1968 తరువాత సినగాగు మూతపడిన కాలమున చెఱిగిపోగా, 1992 మొదలు మరల ఒక్కొక్కటిగా వ్రాసిరి. గొడుగు లోపలికి పోదు. టిక్కెట్టు కొనవలెను, అదియుగాక లోపల మాటాడరాదు. మాటాడరాని చోట గొడుగునకు పనియేమి? గోలెం కథ ముగించి, కాఫ్కా మొగము అచ్చువేసిన కప్పులమ్ము అంగడి చూపి ముందుకు సాగును. ఆ కాఫ్కా ముగ్గురు చెల్లెండ్రును నాజీల చేతనే నశించిరని కప్పుమీద వ్రాయుటకు చోటు చాలదు.

నేను గొడుగు పట్టినవానిని నిందించుచున్నానని తలపవలదు. పెక్కు చోట్ల ఆతడు చదువుకొన్న యువకుడు. చలిలో నిలుచుండి గొంతు చించుకొనువాడు. కెప్లరును ఆతడెఱుగడని నే ననుకొనను. ఈ యాత్ర 'ఉచితము' అని మనకు చెప్పిన సంస్థలు కొన్ని, వచ్చిన తలకింత చొప్పున ఆతనినుండియే వసూలు చేయును. మన చిల్లర ఆతనికి చేరుటకు ముందు మన తలలు ఆతనికి అప్పుగా చేరుచున్నవన్నమాట. అట్టివాడు దీర్ఘవృత్తమును గూర్చి పదినిమిషములు మాటాడి, ముప్పది తలలలో పది తలలు ఐస్‌క్రీమునకు జారిపోయినచో, ఆ పూట ఆతని కూడు పోవును. మూత్రాశయము చెప్పినవాడు బ్రదుకుచున్నాడు. ఒక్క ప్రశ్నయైన అడుగకుండ, అడుగవలెనని తోచకుండ, కథ వినగానే చేతులు తట్టి, తాము ప్రాగు చూచితిమని ఇంటికి ఫోనుచేసి చెప్పు మనము గదా హనుషు కన్నులను నిత్యము పొడిచెడివారము.

ముగింపున గొడుగు ముడిచి, టోపీ తిరగవేసి, 'మీకు తోచినంత' అని యాతడు చిఱునవ్వుతో నిలుచును. మన తలిదండ్రులు ఐదు యూరోలను రూపాయలలోనికి మార్చి ఒక నిట్టూర్పు విడుతురు. పిమ్మట సాయంకాలపు యాత్రను గూర్చి ప్రకటన: వరుసగా పానశాలలు తిరుగుట. అది ఎంత మితిమీఱినదనగా 2024 లో నగరపాలకులు రాత్రి పదింటినుండి ఉదయము ఆఱింటివఱకు అట్టి యాత్రలు నడుపరాదని కట్టడిచేయవలసివచ్చినది. కావున ఇప్పుడు కొంచెము ముందుగా మొదలుపెట్టుదురు.

మఱునాడు వియన్నాకు రైలు. అచ్చట స్టీఫెన్ దేవాలయపు ఉత్తర గోపురము 1511 లో పని ఆగి మొండిగా నిలిచినది. ధనమును ఉత్సాహమును సన్నగిల్లుట వంటి నీరసపు కారణములను అచ్చటి గొడుగు చెప్పదు. నిర్మాత హాన్స్ పుక్స్‌బౌము సైతానుతో ఒడంబడిక చేసికొని, మాట తప్పి, సారువమీదినుండి పడి చచ్చెనని చెప్పును. ఉదయము పదింటికి, దేవాలయము ముందర; ఈసారి ఆకుపచ్చ గొడుగట.