దేనిలో నూటికి?

మన గణిత పాఠ్యపుస్తకములందు ఒక గృహిణి చిరకాలముగా కాపురముండుచున్నది. పంచదార వెల నూటికి 25 పెరిగినను ఇంటి ఖర్చు ఒక్క పైసయు పెరుగరాదని దీక్షవహించిన ఆ సాధ్వి, అంగడివానితో బేరమాడదు, బెల్లము జోలికి పోదు, పండుగకు పాయసము వండదు, అల్లుడు వచ్చినను కాఫీ చప్పగనే యిచ్చును. వాడకమును సరిగా నూటికి 20 తగ్గించి, విద్యార్థికి రెండు మార్కులు ప్రసాదించి, మరుసటి యేటి పరీక్షవరకు అదృశ్యమగును. ఆమె పొరుగుననే, గుమాస్తా జీతమును 20 శాతము పెంచి, వెంటనే 20 శాతము తగ్గించి, వానికి నూటికి 4 నష్టము కలిగించు యజమాని యొకడు నివసించును. ఆ యజమాని ఉద్దేశమేమో నేటివరకు ఎవ్వరును అడిగినట్లు లేదు.

పెరిగినది 25 కాగా తగ్గవలసినది 20 ఎట్లయ్యెనని అడుగు బాలుడెవడైన నున్నచో వాడు నమస్కారార్హుడు. కాని అడుగుటకు వానికి తెరపి యేది? పెరుగుదలను నూటితో గుణించి, నూటికి పెరుగుదలను కలుపగా వచ్చినదానిచే భాగింపుమను మంత్రమును శిక్షణాలయపు గురువుగారు బల్లపై లిఖించి, పది సెకనులలో సమాధానము రాబట్టలేని శిష్యునికి ఉద్యోగయోగమే లేదని సెలవిచ్చుచున్నారు. కిలో 40 రూపాయల పంచదార 50 అయినది. పెరిగిన ఆ పదియే 40లో నాల్గవ వంతు, 50లో అయిదవ వంతు. 200 రూపాయలకు అయిదు కిలోలు వచ్చుచోట నాలుగు వచ్చును. ఈ మాత్రము చెప్పుటకు మంత్రమేల? త్రైరాశికము నేర్పిన మన పూర్వులు ప్రమాణము, ఫలము, ఇచ్ఛ అని మూడు రాసులను వరుసగా నిలిపి, ప్రమాణమేదో తేలనిదే లెక్కలో అడుగు పెట్టనిచ్చెడివారు కారు. పదునొకండవ శతాబ్దముననే పావులూరి మల్లన మహావీరాచార్యుని గణితమును తెనుగు పద్యములలోనికి దెచ్చిన నేలపై, నేడు ప్రమాణమునే విడిచి ఫలమునకై పరుగిడుచున్నాము.

పరుగు ఫలితము అంగడి వీథిలో కనబడును. 2022 జనవరి 1న వెయ్యి రూపాయల లోపు పాదరక్షలపై వస్తుసేవల పన్ను 5 శాతము నుండి 12 శాతమునకు పెరిగెను. పెరుగుదల యెంత? పన్ను వేసినవాడు ఏడే కదా యనెను. ప్రతిపక్షమువాడు అయిదుపై ఏడనగా 140 శాతమని గుండెలు బాదుకొనెను. పన్నుకు ముందు 100 రూపాయల వెలగల చెప్పులను కొనువాడు అంతవరకు 105 ఇచ్చి ఆనాటినుండి 112 ఇయ్యవలసివచ్చెను గనుక వాని జేబునకు తగిలిన దెబ్బ నూటికి ఏడుకన్న కొంచెము తక్కువ. ముగ్గురును సత్యవాదులే, ఎవరి ప్రమాణము వారిది. మంత్రోపాసకుడైన మన పట్టభద్రుడు మాత్రము, ఏది ముందు చెవినిబడిన దానినే నమ్మి వాదమునకు దిగును.

ఇక ఆషాఢమాసపు తగ్గింపుల సంగతి. 1,000 రూపాయల చీరపై 1,400 అని చీటి యంటించి, దానిపై 40 శాతము తగ్గించిన వర్తకుడు పుచ్చుకొనునది 840. నిజముగ తగ్గినది 16 శాతము. ఇది ఎనిమిదవ తరగతి లెక్క. ఈ లెక్కలో నూటికి నూరు తెచ్చుకొన్నవారే అంగడి ముంగిట వరుసలో తొక్కిసలాడుచున్నారు.

ప్రశ్నపత్రములు కూర్చు పెద్దలకు ఒక విన్నపము: ఆ రెండు మార్కులలో ఒకదానిని సమాధానమునకు ఉంచుడు, రెండవదానిని, ఈ శాతము దేనిలో నూటికి అని ఒక్క వాక్యము వ్రాసినవానికి ఇండు.