ఐదు రింగుల జెండా

సంక్రాంతి వెళ్ళిన తర్వాతి ఆదివారం. నాయుడుపేటలో స్వర్ణముఖి ఒడ్డున క్రాస్‌కంట్రీ పరుగు ఎంపికలు. పొద్దున్నే ఆరింటికల్లా రమ్మంటే పిల్లకాయలంతా చీకటితోనే వచ్చి కూర్చున్నారు. జెండా ఊపాల్సిన పరుగు పోటీల సంఘం ప్రెసిడెంటుగారి కారు మాత్రం ఏడున్నరకు వచ్చింది. రాగానే ఇడ్లీ, ఆ పైన కాఫీ. పరుగు ఎక్కడికి పోతుంది!

గ్లాసు పట్టుకుని ఆయన ఏటి వైపు చూసి, "ఈ ఇసకలో పరిగెత్తాలంటే పిల్లకాయల పిక్కలు పట్టేస్తాయి గదా సార్" అన్నాడు.

"ఇసక నయం సార్. మంచు మీద పదిహేను కిలోమీటర్లు పోయేవాళ్ళున్నారు" అన్నాడు పీఈటీ సారు. ఆయనకు మాట దొరికితే చాలు.

"సినిమా పాటల్లో చూశాంలే. కొండ మీంచి జర్రున జారడమేగా?"

"అది వేరే సార్. ఈ క్రాస్‌కంట్రీ స్కీయింగ్‌లో కొండ దిగడమే కాదు, ఎక్కడం కూడా మన కాళ్ళతోనే. మనిషి కంటే పొడుగు పలకలు బూట్లకు తగిలించుకుంటారు. బూటు ముందు కొస మాత్రమే పలకకు అతుక్కుంటుంది, మడమ పైకి లేస్తుంటుంది. వెనక్కి జారకుండా పలక అడుగున, నడిమధ్యన మైనం పూస్తారు. ఏ మంచుకు ఆ మైనం. ఎండెక్కి మంచు మెత్తబడిందా, పొద్దున పూసింది పనికిరాదు."

ప్రెసిడెంటుగారు ఇంకో కాఫీ తెప్పించుకున్నాడు.

"2014 ఫిబ్రవరి 14న రష్యాలో, సోచీ ఒలింపిక్స్‌లో అదే జరిగింది. మంచు పోటీలకు మన నాయుడుపేట ఎండ వచ్చినట్టయింది. కొందరు చేతుల్లేని చొక్కాలతో దిగారు. ఆ గుంపులో మనవాడొకడున్నాడు సార్. నదీమ్ ఇక్బాల్. జమ్మూకాశ్మీర్ మనిషి, సైన్యంలో ఉద్యోగం, గుల్మార్గ్‌లోని సైనిక పాఠశాలలో సాధన. స్విట్జర్లాండ్ వాడు దారియో కొలోన్యా ముప్పై ఎనిమిదిన్నర నిమిషాల్లో గెలిస్తే, మనవాడికి యాభై ఐదు నిమిషాలు పట్టింది. 85వ స్థానం."

"ఎంతమందిలో?"

"మనవాడి వెనక ఇద్దరే సార్. నేపాల్ నుంచి దాచిరీ షెర్పా, ఆ తర్వాత పెరూ దేశం నుంచి రాబర్టో కార్సెలెన్. పెరూ ఆయన పక్కటెముక విరిగి కూడా పోటీకి దిగాడు. గెలిచిన కొలోన్యా గీత దగ్గరే ఉండి, ఆ కడపటి మనిషి రాగానే చెయ్యి కలిపాడు. ఆ ఫోటో లోకమంతా చూసింది."

ప్రెసిడెంటుగారి కళ్ళు చెమర్చాయి. "గొప్పోడు! మరి మనోడి ఫోటో?"

"మనోడు కడపటివాడు కాదుగా సార్."

సారు అంతటితో ఆపి ఉంటే బాగుండేది. ఆపలేదు.

"అసలు కథ జెండాది సార్. మన ఒలింపిక్ సంఘం పెద్దలు ఎన్నికల్లో నిబంధనలు తప్పారని, కేసులున్నవాళ్ళను పదవుల్లో కూర్చోబెట్టారని అంతర్జాతీయ సంఘం 2012 డిసెంబరులో మనల్ని పక్కన పెట్టేసింది. ఫిబ్రవరి 7న ప్రారంభోత్సవంలో మనవాళ్ళు ముగ్గురు, శివ కేశవన్, హిమాంశు ఠాకూర్, ఈ నదీమ్, త్రివర్ణం లేకుండా ఐదు రింగుల ఒలింపిక్ జెండా వెనక నడిచారు. ఇక్కడ మళ్ళీ ఎన్నికలు పెట్టాక 11న నిషేధం ఎత్తేశారు. అప్పటికే కేశవన్ పోటీ అయిపోయింది పాపం. నదీమ్‌కు మూడు రోజుల తేడాతో దేశం పేరు దక్కింది."

ప్రెసిడెంటుగారు గ్లాసు ఠక్కున బల్ల మీద పెట్టాడు. "ఏందబ్బా ఇది! కుర్చీల కోసం పెద్దోళ్ళు కొట్టుకుంటే, ఒళ్ళు హూనం చేసుకున్నోడికి జెండా లేకుండా చేస్తారా? ఆ పాపం ఊరికే పోద్దా?"

చుట్టూ ఉన్నవాళ్ళు తలలూపారు. సరిగ్గా అప్పుడే సెక్రెటరీ కాగితం పట్టుకొచ్చి ఆయన చెవిలో ఏదో ఊదాడు.

ఇక్కడ పరుగు పోటీలకు సంఘాలు రెండు. ఊరు 2022 ఏప్రిల్‌లో నెల్లూరు జిల్లా నుంచి తిరుపతి జిల్లాకు మారింది గానీ, ఈ తగాదా దానికంటే ముందుది. ఎవరు అసలో ఎవరు నకిలీయో వాళ్ళకే తెలియాలి. వచ్చిన పిల్లకాయల్లో పదకొండు మంది అవతలి సంఘంలో పేర్లు రాయించుకున్నవాళ్ళని సెక్రెటరీ కనిపెట్టాడు. వాళ్ళకు నంబర్లు ఇచ్చేశారు కూడా. ఒకడు పిన్నీసు పళ్ళ మధ్య పెట్టుకుని, రొమ్ము మీద గుడ్డ ముక్క సరిచేసుకుంటున్నాడు. కాళ్ళకు చెప్పుల్లేవు.

ప్రెసిడెంటుగారి మొహం మారింది. "అవతలోళ్ళ పిల్లకాయలా? మన లిస్టులో ఎట్ట ఎక్కిస్తారయ్యా?"

"పొద్దున నాలుగింటికి లేచి వచ్చారు సార్. వీళ్ళలో ఇద్దరు ముగ్గురు గెలిచేవాళ్ళున్నారు" అన్నాడు పీఈటీ సారు.

"అందుకే చెప్తున్నా."

కాసేపు ఎవరూ మాట్లాడలేదు. ప్రెసిడెంటుగారు మెడలోని కండువా సర్దుకుని, సారు భుజం తట్టాడు.

"సరే, అంత దూరం నుంచి వచ్చినోళ్ళని ఉసూరుమనిపించడం దేనికి? పరిగెత్తనీండి. లిస్టులో మాత్రం వద్దు. మీరిందాక చెప్పారే, ఐదు రింగుల జెండా, అట్టాంటిది ఒకటి కుట్టించి వాళ్ళకివ్వండి. ఖర్చు నాది."