నవల్లో బాబాయి

ప్రతి బంధువర్గంలోనూ ఒక ‘నవల్లో బాబాయి’ ఉంటాడు. కొన్ని ఇళ్లలో మావయ్య, ఒకట్రెండు చోట్ల అత్తయ్య. నవలను సీరియల్‌గా తీశారంటే చాలు, ఒక్క భాగం వదలడు. కథ కోసం కాదు, తేడాలు పట్టుకోవడానికి. పేర్లు పడుతుండగానే గొంతు సవరించుకుంటాడు: “నవల్లో ఇలా లేదు.”

బీబీసీ వాళ్లు 1995లో జేన్ ఆస్టిన్ ‘ప్రైడ్ అండ్ ప్రెజుడిస్’ను ఆరు భాగాలుగా తీశారు. అందులో డార్సీ చెరువులో దూకి, తడిచొక్కాతో నడిచొస్తాడు. అందరూ ఆ చొక్కా చూసి మురిసిపోయారు. బాబాయి మాత్రం పుస్తకం తెచ్చి, ఆ దూకుడు కోసం పేజీలన్నీ గాలించి, లేదని తేల్చాక గానీ కాఫీ ముట్టలేదు.

‘వెన్నెల్లో ఆడపిల్ల’ దూరదర్శన్‌లో వచ్చినప్పుడు ఇంకో గొడవ. “వీడు రేవంత్ ఏమిట్రా? నా రేవంత్ ఇంకాస్త పొడుగు!”

“ఎత్తెంతో యండమూరి రాశాడా బాబాయ్?”

“అన్నీ రాస్తారేమిట్రా! మనకే తెలియాలి.”

ఇక్కడ మాత్రం నేను బాబాయి పక్షమే. నవల చదివినవాళ్లు ఎంతమందో అంతమంది రేవంత్‌లు. టీవీవాడు ఒక్కణ్ణి నిలబెట్టి మిగతా అందర్నీ ఇంటికి పంపేస్తాడు.

డైలీ సీరియళ్లంటే మరీ మంట. “తలుపు తీయడానికి మూడ్రోజులా? తీసేవేళకి ఆపేసి రేపు రమ్మంటాడా!”

పిన్ని వంటింట్లోంచే అందుకుంటుంది. “ఆంధ్రభూమిలో ‘తులసిదళం’ వచ్చే రోజుల్లో కొట్టు తెరవకముందే వెళ్లి నిలబడ్డదెవరో? ‘సశేషం’ అని ఆపితే వారమంతా నా మీద విసుక్కున్నదెవరో?”

“అది సాహిత్యం,” అంటాడు బాబాయి, టీవీ సౌండ్ పెంచుతూ. డికెన్స్ 1836లో ‘పిక్విక్ పేపర్స్’ను నెలకింతని అమ్మినప్పుడూ బేరం ఇదేనని ఆయనకి చెప్పే ధైర్యం నాకు లేదు.

ఆయన్ని నిజంగా దెబ్బతీసింది ‘గేమ్ ఆఫ్ థ్రోన్స్’. అయిదో నవల 2011లో వచ్చింది, ఆరోది ఇప్పటికీ రాలేదు. సీరియల్ మాత్రం నవలను దాటిపోయి 2019లో కథ ముగించేసింది. చివరి భాగాలప్పుడు బాబాయి రెండుసార్లు “నవల్లో...” అని మొదలుపెట్టి ఆగిపోయాడు. ఆ వారం బీపీ పెరిగింది.

మీ ఇంట్లోనూ ఇలాంటివారుంటే ఒక్క మనవి. నవల లేని సీరియల్ ముందు మాత్రం కూర్చోబెట్టకండి. దెబ్బలాడ్డానికి పుస్తకం దొరక్క మీతో పెట్టుకుంటారు.