తట్టుకు చదువు రాదు

శ్రీముఖలింగంలో ఓ తాతగారు. 2017 ఆగస్టులో తొమ్మిది నెలల నుంచి 15 ఏళ్ల లోపు పిల్లలకు తట్టు-రుబెల్లా టీకా అన్నారు. బడికి సూది వచ్చిన రోజే మనవడి పేర సెలవు చీటీ వెళ్లింది: ‘మావాడికి జ్వరం’. జ్వరమొచ్చినవాడు పొద్దుగూకేదాకా వంశధార ఇసుకలో కబడ్డీ ఆడాడు!

పెద్ద మనవడిది కాలిఫోర్నియా. ‘మా నమ్మకం వేరు’ అంటూ బడి పిల్లలకు టీకాలు తప్పించే మినహాయింపును అక్కడ 2015 చట్టం ఎత్తేసింది. వాడి టీకా కార్డు కోసం తాతగారు మధుకేశ్వరుడి గుడికన్నా ఆస్పత్రికే ఎక్కువ ప్రదక్షిణలు చేశారు.

“అదేటి తాతా, అన్నకో నాయం, నాకో నాయమా?”

“అక్కడ రూలురా బావూ, ఇక్కడ మన ఇష్టం!”

ఇష్టం సరే. సెలవు చీటీ మాస్టారు చదువుతారు. తట్టు చదవదే!