ఎగిరే మామిడి, ఎదురుచూసే ట్రాక్టరు

ఏటా వేసవిలో విమానమెక్కబోయే మామిడి పెట్టె పక్కన నేతలూ అధికారులూ నవ్వుతూ నిలబడిన ఫొటో పత్రికల్లో పడుతుంది. కింద రాసేదీ మారదు: ఎగుమతులతో రైతుకు మంచి రోజులు. మామిడి పంటలో మనం దొడ్డవాళ్లమే, కాదనలేం. ప్రపంచంలో పండే మామిడిలో సుమారు 40 శాతం మనదే. ఏటా 2 కోట్ల టన్నులు దాటుతుంది. అందులో 2023-24లో తాజా పండుగా దేశం దాటింది దాదాపు 32 వేల టన్నులు. అంటే వెయ్యి కాయల్లో రెండు కూడా లేవు. ఫొటో ఆ రెంటిది. మిగిలిన 998 ఎలా ఉంటాయో చూడాలంటే జూన్‌లో చిత్తూరు జిల్లా గుజ్జు ఫ్యాక్టరీల ముందు ట్రాక్టర్ల బారులు చూడాలి. అక్కడికి కెమెరా వెళ్లినా నవ్వేవాళ్లు దొరకరు.

మన పంటలో పదోవంతు పండించే మెక్సికో 4 లక్షల టన్నులకు పైగా విదేశాలకు అమ్ముకుంటోంది. అమెరికా పక్కనే ఉంది, కాయను వేడినీళ్లలో ముంచి లారీ ఎక్కిస్తే చాలు. మన కాయకు గామా కిరణాల స్నానం, ఆపైన విమానం చార్జీ. 18 ఏళ్ల నిషేధం తర్వాత 2007లో అమెరికా తలుపు తెరిచింది ఈ షరతు మీదే. 2014లో పండు ఈగ దొరికిందని యూరప్ దిగుమతులు ఆపేసి, మరుసటి ఏడాది గాని మళ్లీ రానివ్వలేదు. 2025 మేలో వికిరణం పత్రాలు సరిగా లేవంటూ 15 మామిడి లోడ్లను అమెరికా విమానాశ్రయాల్లో ఆపేశారు. వెనక్కి తెస్తే ఖర్చు ఎక్కువని అక్కడే పారబోశారు. పండు బాగానే ఉంది, కాగితమే పుచ్చింది.

తాజా పండు లెక్క సరే, గుజ్జు ఎగుమతుల సంగతేమిటని అడగవచ్చు. న్యాయమైన ప్రశ్నే. చిత్తూరు తోతాపురి మామిడి ధరను తేల్చేది ఆ గుజ్జే. అయితే విదేశాల్లో గిరాకీ తగ్గిందన్న కబురు ఆ సాయంత్రానికే కాయలు కొనే ర్యాంపుకు చేరుతుంది. పెరిగిందన్న కబురు మాత్రం ఫ్యాక్టరీ గేటు దగ్గరే కునుకు తీస్తుంది. 2025లో పాత గుజ్జే అమ్ముడుపోలేదని ఫ్యాక్టరీలు చేతులెత్తేశాయి. వాళ్లు కిలోకు 8 రూపాయలివ్వాలని చెప్పి, ప్రభుత్వం తన వంతుగా 4 కలపాల్సి వచ్చింది. ఆ 8 కూడా చాలామంది రైతుల చేతికి అందలేదు. అదే ఏడాది జూన్‌లో కర్ణాటక తోతాపురి చిత్తూరు జిల్లాలోకి రాకుండా చెక్‌పోస్టులు పెట్టారు. సముద్రాల అవతలి తలుపులు తెరవమని వాదించే మనం, పక్క జిల్లా కోలారు కాయకు తలుపేసుకున్నాం.

రైతులే తోతాపురి మానేసి వేరే రకాలు వేసుకోవాలనే సలహా ఇంకొకటి. మామిడి మొక్క టమాటా నారు కాదు; కాపుకు రావడానికే నాలుగైదేళ్లు. పైగా ఈ తోటలు వేసిందే ఆ ఫ్యాక్టరీలు కొంటాయన్న ధీమాతో. ఇప్పుడు ఎగుమతి రకం వేయమనేవారు, ఐదేళ్ల తర్వాత ఏ దేశం ఏ పురుగును చూసి బెదురుతుందో కూడా చెప్పాలి. అంత జోస్యం అక్కర్లేదనుకుంటే, ఏ ఫ్యాక్టరీలో ఎన్ని టన్నుల పాత గుజ్జు ఉందో మే నెలలోనే గేటు మీద రాయిస్తే చాలు. పెట్టె పక్కన ఫొటో దిగే ఖర్చుతోనే ఆ బోర్డు కూడా అయిపోతుంది.